గట్టిగా మాట్లాడే ఇల్లు

మర ఆగినా మరావిడ గొంతు ఆగదని ఆ వీధిలో అందరూ అనేవారు. ఆవిడది పిండిమర. కనుబొమల మీద ఎప్పుడూ పిండి, ముక్కు మీద ఎప్పుడూ కోపం. "ఇప్పుడు తెచ్చి ఇప్పుడే పట్టమంటే ఎలా? నాకున్నవి రెండు చేతులే!" అని మామూలుగా అన్నా వీధి చివర సైకిళ్ళు బాగుచేసేవాడు తలెత్తి చూసేవాడు. కొత్తవాళ్ళు గయ్యాళి అనుకునేవారు. పాతవాళ్ళకు సంగతి తెలుసు. ఆవిడకు ఎడమ చెవి పూర్తిగా పోయింది, కుడి చెవిలో సగం మిగిలింది.

పనిలో మాత్రం ఎవరూ వంక పెట్టలేరు. మర తిరుగుతున్నప్పుడు మంచి చెవులున్నవాళ్ళకు మాత్రం ఏం వినిపిస్తుంది? అక్కడ అందరూ ఆవిడతో సమానమే. మిగతా మరలవాళ్ళు రాళ్ళ చప్పుడు మారగానే తొట్టిలో గింజలు అయిపోయాయని పసిగడతారు. ఈవిడ ఇనుప చట్రం మీద అరచెయ్యి ఆనించి పసిగట్టేది. గింజ ఉన్నంతసేపూ అదురు మెత్తగా ఉంటుంది, అయిపోవస్తుంటే చెయ్యి జివ్వుమంటుంది. ఖాళీ రాళ్ళు ఒరుసుకుని కాలిన వాసన రావడం ఆ మరలో ఎవరూ ఎరగరు.

పుట్టు చెవుడైతే ఆవిడకు ఇంత మంట ఉండేది కాదు. ఐదో ఏట జలుబు చేసి, దాని వెనకే చెవిపోటు వచ్చింది. రెండు రోజులు ఏడ్చిందట. మూడో రోజు చీము కారి నొప్పి తగ్గింది. నొప్పి తగ్గింది కాబట్టి జబ్బూ తగ్గిందనుకున్నారు. ఆ తర్వాత జలుబు చేసినప్పుడల్లా చెవులు కారేవి. వాళ్ళమ్మ గరిటెలో నూనె గోరువెచ్చగా కాచి పోసి, దూది కుక్కేది. "కారనీ, తలలో చెడంతా పోతుంది" అని ఒకరు, "పెద్దదైతే అదే ఆగుతుంది" అని ఇంకొకరు. అడిగినవాళ్ళూ వైద్యులే, అడగనివాళ్ళూ వైద్యులే. వాళ్ళు చెప్పినట్టే కారడం ఆగింది. వినపడటమూ ఆగింది. బళ్ళో పంతులు నల్లబల్ల వైపు తిరిగి లెక్క చెప్పేవాడు, చెప్పింది అందక ఈ పిల్ల తప్పు రాసేది, ఆయన మొద్దు అని తొడపాశం పెట్టేవాడు. నాలుగో తరగతితో మాన్పించి మరలో పనికి పెట్టారు. ఆ మాటలన్న పెద్దమనుషుల్లో సగంమంది ఇప్పుడు లేరు. ఉన్నవాళ్ళ మూటలు మరావిడ ఇప్పటికీ ఆఖరునే పట్టేది.

ఆవిడ వల్ల ఇంటికి ఒక పద్ధతి ఏర్పడింది. ఏ మాటైనా భుజం తట్టి, ఎదురుగా నిలబడి, గట్టిగా చెప్పాలి. లారీ మీద వెళ్ళి వారానికోసారి వచ్చే మొగుడూ అంతే, కూతురి దగ్గరే ఉంటున్న తల్లీ అంతే. ఆ ఇంట్లో తగువు వస్తే పక్కింటివాళ్ళు అక్కడి నుంచే తీర్పు చెప్పేవారు. ఎప్పుడైనా చుట్టాలొస్తే కాసేపటికే చెవులు మూసుకునేవారు. ఎనిమిదేళ్ళ కూతురు మాత్రం ఎన్నడూ మూసుకోలేదు. దాన్ని అందరూ పిచ్చుక అనేవారు. పాపం, తల్లి గొంతుకు అలవాటు పడిపోయిందని చుట్టాలు మెచ్చుకుని వెళ్ళేవారు.

ఆ పిచ్చుకకు ఏడాదిగా ఎడమ చెవి కారుతోంది. కొన్నాళ్ళు కారేది, కొన్నాళ్ళు ఆగేది. అమ్మమ్మ గరిటె మళ్ళీ పొయ్యి ఎక్కింది. మరావిడకు భయం లేకపోలేదు. తన గతి పిల్లకు పట్టకూడదని వారానికోసారి పరీక్ష పెట్టేది. ఎదురుగా కూర్చోబెట్టుకుని, గడ్డం పట్టుకుని, "వినిపిస్తోందా?" అని అడిగేది. వీధంతా విన్న ఆ ప్రశ్నకు పిల్ల తలూపేది. తల్లి నిశ్చింతగా మరకు వెళ్ళేది.

ఒకరోజు బడి నుంచి కబురొచ్చింది. మరావిడ వెళ్తే టీచరమ్మ నిలబెట్టే చెప్పింది.

"మీ అమ్మాయికి పొగరమ్మా. పిలిస్తే పలకదు. చెప్పింది రాయదు. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే ఉంది. అందుకే ఆఖరి బెంచీలో కూర్చోబెట్టాను."

మరావిడకు సగం మాటలు అందవు గాని, చెవిటి అన్న మాట పెదవుల మీద ఎక్కడున్నా పట్టేస్తుంది. రక్తం సలసలా మరిగింది. టీచరమ్మను ఏమీ అనలేక, ఆ మంటంతా ఇంటికి తెచ్చి పిల్ల మీద పోసింది.

"ఇంట్లో అన్నీ వింటావ్! బళ్ళో ఏం రోగం?"

"టీచర్ మెల్లగా మాట్లాడుతుందమ్మా."

"అబద్ధాలు కూడా నేర్చావా?" అని చెంప మీద ఒకటిచ్చింది.

తర్వాత రెండు రోజులకు మధ్యాహ్నం కరెంటు పోయింది. మర ఆగింది. పిచ్చుక గుమ్మంలో వీధివైపు తిరిగి కూర్చుని, రాలిన పిండిలో వేలితో బొమ్మలు గీస్తోంది. మూట తెచ్చిన ఒకావిడ లోపల తూకం పక్కన నిలబడి పిల్లను పిలిచింది. మరావిడకు పిలుపు వినపడలేదు, పెదవులు కదలడం కనిపించింది. పిల్ల తిరగలేదు. మూట తెచ్చినావిడ మళ్ళీ పిలిచింది. పిల్ల తిరగలేదు. నాలుగు అడుగుల దూరం కూడా లేదు.

"తల్లికి తగ్గ కూతురే!" అని ఆవిడ నవ్వింది.

మరావిడ నవ్వలేదు. "పిచ్చుకా!" అని తన గొంతుతో కేకేసింది. పిల్ల చటుక్కున తిరిగింది.

అప్పుడు తెలిసింది ఆవిడకు. తన ఇంట్లో మామూలు మాట అన్నదే లేదు. చెవిటి తల్లి కోసం అందరూ గట్టిగా మాట్లాడారు, ఆ గట్టి మాటల చాటున పిల్ల చెవుడు ఏడాదిపాటు దాక్కుంది. పిల్ల అబద్ధం చెప్పలేదు. తను కొట్టింది. ఆ చెయ్యి నరుక్కుందామన్నంత కోపం వచ్చింది. గింజలు తొట్టిలో ఉండగానే మరకు తాళం వేసి పిల్లను రెక్క పట్టుకుని బయలుదేరింది.

చెవి డాక్టరు ఒక చిన్న గదిలో పిల్లకు యంత్రం తగిలించి పరీక్ష చేశాడు. తర్వాత కాగితం ముందు పెట్టుకుని, మరావిడకు అర్థమయ్యేలా ఎదురుగా వచ్చి చెప్పాడు.

"ఎడమ చెవిలో కర్ణభేరికి చిల్లు పడింది. కుడి చెవిలో దాని వెనక బంకలాంటి నీరు చేరింది. మధ్యచెవికి మాటిమాటికీ చీము పడితే ఇలాగే వినికిడి తగ్గుతుంది. మందులు వాడదాం. చెవి పొడిగా ఉండాలి. స్నానానికి నీళ్ళు పోకూడదు, నూనె అసలే వద్దు. చిల్లు మూసుకోకపోతే పొర అతికిస్తాం. నీరు తగ్గకపోతే తీసేస్తాం. చాలావరకు వినికిడి వస్తుందనే అనుకుంటున్నాను. ఇంకా ఆలస్యం చేసి ఉంటే మాత్రం ఏం చెప్పలేను."

ఆ తర్వాత ఆవిడ చెవులూ చూశాడు. చాలాసేపు చూశాడు.

"మిమ్మల్ని చిన్నప్పుడు ఎవరికీ చూపించలేదా అమ్మా?"

దారంతా ఆ ప్రశ్న ఆవిడను తింటూనే ఉంది. ఇంటికొచ్చేసరికి తల్లి పొయ్యి దగ్గర గరిటె పట్టుకుని ఉంది. మరావిడ ఆ గరిటె లాక్కుని నూనెతో సహా మురిక్కాలువలోకి విసిరేసింది.

"నా చెవుల్లో పోసింది చాల్లేదా నీకు? దాని చెవులు కూడా కావాలా?"

ముసలావిడ తనూ అరిచింది, ఆ ఇంట్లో అరుపు తప్ప దారి లేదు గనక. "నాకెవరు చెప్పారే? చెప్పినవాళ్ళందరూ నూనె పొయ్యమనే చెప్పారు! ఒక్కడైనా డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళమన్నాడా? నేను నీ చెవులు పోవాలని పోశానా?"

జవాబు లేని కోపం మరీ పాడు కోపం. పక్కింటివాళ్ళు కూడా ఆ రోజు తీర్పు చెప్పలేదు.

మర్నాడు ఆ కోపమే బడికి వెళ్ళింది.

"పిల్లను ముందు బెంచీలో కూర్చోబెట్టండి. బల్లకు కాదు, పిల్లలకు చెప్పండి. దీనికి ఉన్నది పొగరు కాదు, చెవిలో చీము!"

"కాస్త మెల్లగా అమ్మా, తరగతులు జరుగుతున్నాయి."

"మెల్లగా ఎందుకు? నా చిన్నప్పుడు నా కోసం ఒక్కరైనా వచ్చి ఇలా అరిచి ఉంటే నాకు ఈ గతి పట్టేదే కాదు."

ఆరు తరగతులూ విన్నాయి. పిచ్చుక పుస్తకాల సంచీ ఆ గంటలోనే ముందు బెంచీకి వచ్చింది.

మందులు వాడారు. కుడి చెవిలో నీరు తీశారు, ఎడమ చెవికి పొర అతికించారు. తల స్నానమప్పుడు చెవిలోకి చుక్క పోకుండా ముసలావిడే కాపలా కాసేది. గరిటె ఊసు మళ్ళీ ఎత్తలేదు. కొన్ని నెలలు గడిచాక డాక్టరు ఒక మాట చెప్పాడు. అప్పుడప్పుడూ ఇంట్లో పిల్ల వెనక నిలబడి, మొహం చూపించకుండా, తక్కువ గొంతుతో పిలిచి చూస్తుండాలట.

తక్కువ గొంతు! మరావిడకు అది ఎలా ఉంటుందో కూడా తెలీదు. ముసలావిడ ఎదురుగా నిలబడి, చెయ్యి కిందికి ఊపుతూ, ఇంకా తగ్గించు, ఇంకా, అని వారం రోజులు నేర్పింది.

సెలవు రోజు పొద్దున్న మర తెరవలేదు. పిల్లను గోడవైపు తిప్పి కూర్చోబెట్టారు. "వెనక్కి తిరిగావో, ఊరుకోను. పిలిస్తే పలుకు, చాలు" అని మరావిడే నియమం పెట్టింది. ముసలావిడ గోడ పక్కన కూర్చుంది. మరావిడ గది ఈ చివర నిలబడి, నేర్చుకున్నంత మెల్లగా పిలిచింది.

"పిచ్చుకా."

ఏమీ వినపడలేదు. ఇంకోసారి పిలిచింది. ఏమీ లేదు. మూడోసారి కూడా పిలిచి, ఇక ఆగలేకపోయింది.

"అయిపోయింది! ఇన్ని నెలలు తిప్పి, కోసి, కుట్టి, చివరికి ఇదా? ఆ డాక్టరు సంగతి చూస్తాను. ఏం వైద్యం అది? ఏం చదువు వాడిది?"

ముసలావిడ లేచి గబగబా వచ్చి, భుజం తట్టి, ఎదురుగా నిలబడింది.

"నోరు ముయ్యవే! పలికింది. మూడుసార్లూ పలికింది. నీకే వినపడలేదు." అని మూడు వేళ్ళు చూపించింది.

మరావిడ ఆ వేళ్ళ వైపు చూసింది. ముప్పై అయిదేళ్ళ కిందట తన చెవిలో నూనె పోసిన చెయ్యి అది. అది అబద్ధం చెబుతోందో, నిజం చెబుతోందో ఆవిడకు తెలియలేదు.

"మూడుసార్లా?" అని ఇల్లదిరేలా అరిచింది.

గోడవైపు కూర్చున్న పిచ్చుక, వెనక్కి తిరగకుండానే, రెండు చేతులతో చెవులు గట్టిగా మూసుకుంది.