బిషప్ గారు పెట్టిన రాయి

మా చర్చి చరిత్ర పుస్తకాన్ని నేను పూర్తిగా నమ్మను. నమ్మకపోవడానికి నాకు హక్కుంది, దాన్ని అందరికీ మొదట చదివి వినిపించింది నేనే.

తెలంగాణ ఉద్యమం జోరుగా సాగుతున్న రోజులవి. మా చర్చి కట్టి పాతికేళ్లయిన జూబిలీకి ముందు ఒక ఆదివారం బంద్. బస్సుల్లేక అమ్మా నేనూ చంపాపేట నుంచి ఎల్బీ నగర్ దాకా నడిచి పూజకు వెళ్లాం. అచ్చుకు పోయేముందు అందరూ ఒకసారి వింటే మంచిదని, పూజ అయ్యాక ఫాదర్ గారు చరిత్ర కాగితాలు నా చేతిలో పెట్టారు. బడిలో పాఠాలు చెప్పే గొంతు కదా నాది.

మొదటి పేజీలోనే తేడా తెలిసింది. కోస్తా నుంచి వచ్చిన ఉద్యోగుల కుటుంబాలే ఈ గుడికి ప్రాణం పోశాయట. బిషప్ గారు స్వహస్తాలతో పునాదిరాయి వేశారట. నల్లగొండ పల్లెల నుంచి వచ్చి, రేకుల షెడ్లలో కాపురముండి, గోడలు లేపిన మేస్త్రీల ఊసే లేదు. వాళ్లలో మా నాన్న ఒకడు. ఆయన పోయి అప్పటికి చాలా ఏళ్లయింది. ఈ పుస్తకంలో కూడా లేకపోతే ఇక ఆయన ఎక్కడా లేనట్టే.

చాప మీద కూర్చున్న అమ్మ లేచి నిలబడింది.

"జర ఆగు బిడ్డా. బిషప్ సామి రాయి పెట్టిండు, నిజమే. గని వంకరగ పెట్టిండు. జనం అన్నాలు తిని పోయినంక మీ నాయిన గా రాయి తీసి, కింద సిమెంటు మాలు సదిరి, మట్టం జూసి మళ్ల పెట్టిండు."

మేస్త్రీ పని తెలిసినవాళ్లకు ఇందులో వింతేం లేదు. పెద్దలు పెట్టిన రాయిని వాళ్లు వెళ్లాక సరిచేయడం మామూలే, కాకపోతే ఎవరూ బయటికి చెప్పరు. వెనక వరుసల్లో నవ్వులు లేచాయి.

ఆ చరిత్ర రాసిన చర్చి కమిటీ పెద్దాయనది గుంటూరు వైపు. మంచివాడే, నాన్న శవపేటికకు భుజం పట్టినవాడు. కానీ ఆ రోజు ముఖం గంటు పెట్టుకున్నాడు.

"బయట గొడవ చాలదా చెల్లెమ్మా? గుళ్లోకి కూడా ప్రాంతాన్ని తీసుకొస్తారా?"

"నేను తెచ్చిన్నా అన్నా? మీరు రాసినదాంట్లనే ఉన్నది."

చివరికి 'కూలీలు కూడా సాయం చేశారు' అని ఒక ముక్క కలుపుతామన్నారు. అమ్మ ససేమిరా అంది.

"సాయం జేసెటోళ్లు సుట్టాలు. మేం ఇంటోళ్లం."

దాంతో ఆ ముక్క కూడా పోయింది. పుస్తకం మొదట రాసినట్టే అచ్చయి వచ్చింది. నాకు ఒళ్లు మండిపోయింది.

జూబిలీ నాడు, మమ్మల్ని చల్లబరచడానికేమో, ఆ మొదటి పేజీ చదవమని ఫాదర్ గారు మళ్లీ నన్నే పిలిచారు. బుద్ధిగా వెళ్లి మైకు ముందు నిలబడ్డాను. పునాదిరాయి దాకా అక్షరం పొల్లుపోకుండా చదివాను. తర్వాత పుస్తకంలోంచి తల ఎత్తకుండా, అదే గొంతుతో అన్నాను: "అతిథులు వెళ్లాక నల్లగొండ మేస్త్రీ ఒకాయన ఆ రాయిని తీసి, సరిచేసి, మళ్లీ పెట్టాడు. ఈ గుడి దాని మీదే నిలబడింది."

ముందు వరుసలో కమిటీ పెద్దాయన కళ్లజోడు సవరించుకుని, ఆ వాక్యం కోసం తన పుస్తకంలో పేజీలు తిప్పడం మొదలుపెట్టాడు. వెతుక్కోనీ అనుకుని నేను తర్వాతి పేరాలోకి వెళ్లాను.