మంట సీనులో ఓడోన్

హెర్మిన్‌ది బుడాపెస్ట్‌లో ఫిల్ముకు రంగు పట్టించే పని. మాటల్లేని సినిమాల రోజులవి. నలుపు తెలుపుల్లో తీసిన ఫిల్మును ముక్కలు చేసి, రాత్రి సీన్లను నీలం తొట్టిలో, మంట సీన్లను ఎర్ర తొట్టిలో ముంచేవారు. ఆ పనిలో ఆమె చెయ్యి తిరిగిన మనిషి.

1919 వసంతంలో, కమ్యూనిస్టుల ఎర్ర ప్రభుత్వం ఉండగా, ఒక పాత రష్యన్ నవలను సినిమాగా తీశారు. అందులో రైతులు జమీందారు మేడ తగలబెడతారు. కాగడాతో అందరికంటే ముందు పరిగెత్తింది హెర్మిన్ తమ్ముడు ఓడోన్. వాడు సెట్లు కొట్టే వడ్రంగి. ఆ రోజు ఒక మనిషి తక్కువైతే చొక్కా మార్చి నిలబెట్టారు. నవ్వితే చిగుళ్లతో సహా కనిపించే మొహం వాడిది.

ఆగస్టులో ప్రభుత్వం కూలింది. టోపీల్లో కొంగ ఈకలు పెట్టుకున్న సైనికాధికారులు ఎర్రవాళ్లను వెతుకుతూ వీధుల్లోకి దిగారు. వాళ్లు తీసుకెళ్లినవాళ్లు తిరిగి రాలేదు. ఒకనాడు కబురొచ్చింది: రేపు వచ్చి ఆ సినిమా చూస్తారట. నిప్పు పెట్టిన మొహాలు గుర్తుపడతారట.

హెర్మిన్ ఆ సీనును ఎర్ర తొట్టిలో మూడుసార్లు ముంచింది. తెర మీద మొహాలన్నీ ఎర్రటి చీకట్లో కలిసిపోయాయి.

చూడ్డానికొచ్చిన అధికారుల కెప్టెన్ కోప్పడలేదు. "రంగు బాగా పట్టించారమ్మా. రేపు రంగు లేని ప్రింటు తీసి చూపించండి," అన్నాడు.

ఆ ప్రింటు తీయాల్సిన నెగెటివ్ ఇనప్పెట్టెలో ఉంది. తాళంచెవి అప్పుడే అతని జేబులోకి వెళ్లింది. హెర్మిన్ తమ్ముడింటికి పరిగెత్తింది. వాడు మిరప్పొడి చల్లిన బంగాళాదుంపలు తింటున్నాడు.

"ఊరొదిలి పోరా!"

"అది వేషం అక్కా! రాజు వేషం కట్టినోడికి కిరీటం ఇచ్చి పంపుతారా? వాళ్లు చదువుకున్నోళ్లు, ఆ పుస్తకం చదివే ఉంటారు."

"వాళ్లొచ్చేది పుస్తకం కోసం కాదురా."

"తెర మీద కోతిలా ఉన్నావని నువ్వేగా అన్నావు? కోతినెవడు గుర్తుపడతాడు?"

వాడు కదల్లేదు.

మర్నాడు తెల్లటి మంటల్లోంచి ఓడోన్ మొహం స్పష్టంగా కనిపించింది.

"ఆపు," అన్నాడు కెప్టెన్.

"ఆపకూడదు దొరా. దీపం ముందు కదలకుండా ఆగితే ఫిల్ము అంటుకుంటుంది," అన్నాడు మిషను తిప్పే ముసలి వెండెల్.

"అయితే మళ్లీ తిప్పు."

మళ్లీ తిప్పాడు. మళ్లీ. ప్రతిసారీ ఓడోన్ నవ్వుతూ వాళ్లకేసే పరిగెత్తుకొచ్చాడు. మూడోసారి ఒక అధికారి ముందుకు వంగాడు. "వీడు మా వీధి వడ్రంగి. ఇల్లు నాకు తెలుసు."

హెర్మిన్ లేచింది. తలుపు దగ్గర ఇద్దరు అడ్డంగా నిలబడ్డారు.

"కూర్చోండమ్మా," అన్నాడు కెప్టెన్, తెర మీంచి చూపు తిప్పకుండానే. "సినిమా ఇంకా అవలేదు."