సీరియల్ స్వామి చెప్పిన తిథి

దయ్యాలనీ ఆత్మలనీ నేను ఏనాడూ నమ్మలేదు. ముప్ఫై ఏళ్లు బడిలో లెక్కలు చెప్పినదాన్ని. ఇప్పుడూ నమ్మను. జరిగింది మాత్రం జరిగినట్టే రాస్తున్నాను.

మాది అమలాపురం దగ్గర పల్లె. మావారు పోయి పన్నెండేళ్లు దాటింది. ఆ రోజు మధ్యాహ్నం డాక్టరు గారు "పోయారమ్మా" అనగానే గోడ గడియారం చూశాను. మూడూ ఇరవై. పంచాంగంలో నవమి మూడూ పది వరకే, ఆపైన దశమి. ప్రాణం పోయిన వేళకున్న తిథినాడే ఏటా తద్దినం పెట్టాలి. బహుళ దశమి అని నేనే రాసిపెట్టాను. పదకొండుసార్లు దశమినాడే పెట్టాం.

కిందటేడు తద్దినానికి ఎనిమిది రోజుల ముందు, పట్టపగలు, ఆడపడుచు సుభద్ర వదినా నేనూ సీరియల్ చూస్తున్నాం. అందులో స్వామి పీఠం వదిలేసి మోటారు సైకిల్ మీద తిరుగుతాడు. తాగుతాడు. దేవుడున్నాడో లేడో తేలక శిష్యుల మీద అరుస్తాడు. వదినకు అతడంటే మంట. తెలియనిది తెలియదంటాడని నాకు ఇష్టం.

ఆ రోజు అతడు సిగరెట్ పక్కన పెట్టి సూటిగా నా వైపు చూశాడు. "అమ్మా, ఆయన వెళ్లింది మూడూ రెండుకి. నవమిలోనే" అన్నాడు.

"విన్నారా వదినా?"

"ఏం వినడం, నా బొంద! పొగ వదులుతూ కూర్చున్నాడుగా వెధవ."

మా అబ్బాయి ఫోన్‌లో ఆ ఎపిసోడ్ రెండుసార్లు వేసి చూపించాడు. అక్కడ ఆ మాటే లేదు.

అప్పుడు గుర్తొచ్చింది. బడికి ఆలస్యం కాకూడదని ఆ గడియారాన్ని పావుగంట ముందుకు తిప్పి ఉంచేదాన్ని. మావారు పోయిన రోజు దుఃఖంలో ఆ పావుగంట తీసేయలేదు. డాక్టరు గారిచ్చిన మరణ ధ్రువీకరణ కాగితాన్ని మరిది తెచ్చిస్తే మడత విప్పకుండా పెట్టెలో పడేశాను. ఇన్నేళ్లకు తీసి చూశాను. మూడూ రెండు అని ఉంది.

"తాగుబోతు స్వామి చెప్పాడని తిథి మారుస్తామా అమ్మగారూ?" అన్నారు పురోహితుడు గారు.

"స్వామిని వదిలేయండి. కాగితం చూడండి."

"మరి ఇన్నేళ్లూ పెట్టినవన్నీ ఏమైనట్టండి?"

పదకొండేళ్లూ మావారు ఆకలితో ఉన్నట్టా? అయినా తప్పని తెలిశాక పన్నెండోసారి కూడా అదే చెయ్యమంటే ఎలా? పురోహితుడు గారు రానన్నారు. రాజోలు నుంచి మరొకరిని పిలిచాను.

"చుట్టాలు నవ్వుతారమ్మా" అన్నాడు అబ్బాయి.

"నవ్వనీరా. నువ్వు రాకపోతే నేనే పెడతాను."

వచ్చాడు. నవమినాడే పెట్టాం. దశమినాడు ఉల్లిపాయ పులుసు చేశాను. వదిన ముట్టలేదు. నేను రెండుసార్లు వేసుకున్నాను.

గడియారం సంగతి మనసులో ఉండబట్టే అలా వినిపించిందంటాడు అబ్బాయి. కానీ మూడూ ఇరవైలో పావుగంట తీస్తే మూడూ ఐదు. స్వామి అన్నది మూడూ రెండు. అప్పటికి నేను కాగితం చూడనే లేదు. తక్కిన మూడు నిమిషాలు నాకెవరు చెప్పారో ఇవాళ్టికీ తేల్చుకోలేకపోయాను.