అయోవాలో కనపడని ఆట కోసం సౌత్ డకోటాకి

బేస్‌బాల్ ఆట చూడాలనుకున్నవాళ్లు మామూలుగా స్టేడియం వైపు వెళ్తారు. పోయిన మంగళవారం మేం ముగ్గురం స్టేడియానికి సరిగ్గా ఎదురు దిక్కున డెబ్భై మైళ్లు పోయాం. ఆట తూర్పున మిల్వాకీలో, మేం పోయింది పడమరకి. ఇలాంటి అవసరం మీకూ రావచ్చు. అందుకే దారి, ఖర్చు, చేసిన పొరపాటుతో సహా రాస్తున్నాను.

రెండేళ్లుగా నేను వాయవ్య అయోవాలో ఉంటున్నాను. ఆఫీసు సూ సిటీలో. అక్కడికి అరగంట దూరంలోని చిన్న ఊళ్లో డాక్టర్ వెంకటరత్నం గారి ఇంట్లో మేడమీద గదిలో అద్దెకుంటాను. ఆయన కాకినాడలో చదివి డెబ్భైల్లో ఈ ఊరొచ్చారు. రిటైరయ్యేదాకా చుట్టుపక్కల పొలాలవాళ్ల కాన్పులన్నీ ఆయన చేతిమీదే జరిగాయి. మంగళవారం పొద్దున్న నేను కాఫీ తాగుతుండగా ఆయనకి ఫోనొచ్చింది. చేసింది లిండా అనే ఆవిడ, పొరుగు పొలం రైతు భార్య. వాళ్లబ్బాయి కైల్ చికాగో జట్టు తరఫున కింది స్థాయి లీగుల్లో పిచర్, అంటే బంతి వేసేవాడు. చికాగో జట్టులో ఒకతనికి దెబ్బ తగిలిందట. ఆ రాత్రి మిల్వాకీలో కైల్‌తోనే ఆట మొదలుపెట్టిస్తున్నారట. పెద్ద లీగులో అదే వాడి మొదటి ఆట. లిండా, మొగుడూ అప్పటికే కారులో సగం దారిలో ఉన్నారు.

అంకుల్, డాక్టర్ గార్ని నేనలాగే పిలుస్తాను, ఫోన్ పెట్టేసి టీవీ వైపు చూశారు. కైల్‌ని ఈ లోకంలోకి తీసింది ఆయనే. తుంటి ఆపరేషనై రెండు నెలలు కూడా కాలేదు, మిల్వాకీకి ఎనిమిది గంటలు కారులో కూర్చోవడం కుదరదు. "ఏముంది, టీవీలో చూస్తాను" అన్నారు. కానీ అది టీవీలో రాదు.

ఎందుకు రాదో చెప్తాను. ఒక్కో జట్టుకి ఒక ఇలాకా ఉంటుంది. ఆ ఇలాకాలో ఆట చూపించే హక్కుని ఒక లోకల్ స్పోర్ట్స్ చానెల్ బోలెడు డబ్బు పోసి కొనుక్కుంటుంది. కాబట్టి అక్కడ ఆ ఆటని ఇంకెవరూ చూపించకూడదు. లీగ్ వాళ్లే ఏడాదికి నూరు డాలర్లకి పైగా తీసుకుని అమ్మే ఇంటర్నెట్ ప్యాకేజీ కూడా చూపించదు. ఆట మీద నొక్కితే నల్ల తెర, దానిమీద ఒక నోటీసు వస్తాయి. దీన్నే బ్లాకౌట్ అంటారు. లోకల్ చానెల్‌లో చూసుకుంటారులే అన్నది వాళ్ల లెక్క. అయోవాకి సొంత జట్టు లేదు గానీ, చుట్టూ ఉన్న ఆరు జట్లు ఇది మాదే అంటాయి. మా ఊరి కేబుల్ కంపెనీకీ చికాగో చానెల్‌కీ రేటు కుదరలేదు, అందుకని ఆ చానెల్ మాకు రాదు. కేబుల్ దృష్టిలో మేం చికాగోకి మరీ దూరం, ఇంటర్నెట్ దృష్టిలో మరీ దగ్గర! ఎక్కడో దక్షిణాన అల్ఫారెట్టా అనే ఊళ్లో ఉన్న నా ఫ్రెండ్ సోఫాలో పడుకుని ఈ ఆట చూడగలదు. "నీకు కావాలంటే స్కోర్ మెసేజ్ చేస్తాలేవే" అని నన్ను ఏడిపించింది కూడా.

"ఆట అయిపోయిన గంటన్నరకి అందరికీ పెడతారటగా, అప్పుడు చూడొచ్చుగా?" అంది ఆయన భార్య సుభద్ర ఆంటీ.

"డెలివరీ అయ్యాక లేబర్ రూముకి వెళ్లినట్టుంటుంది" అన్నారు అంకుల్.

కంప్యూటర్ ఇంకో రాష్ట్రంలో ఉన్నట్టు నమ్మించే కిటుకులున్నాయి, నేను చేసిపెడతానన్నాను. ఆయన ఒప్పుకోలేదు. "అకౌంట్ నా పేరు మీదుంది. దొంగచాటుగా వద్దమ్మాయ్." సరే అంకుల్, కంప్యూటర్ని కాదు, మనమే ఇంకో రాష్ట్రానికి పోదాం అన్నాను. నవ్వుతాలుకే అన్నాను గానీ, ఆఫీసుకెళ్లి ఇలాకాల మ్యాప్ తెరిచేసరికి అది నవ్వుతాలు కాకుండా పోయింది. నది దాటితే సౌత్ డకోటా. ఆ రాష్ట్రం చికాగోదీ కాదు, మిల్వాకీదీ కాదు. మూడున్నరకి మేనేజర్‌కి చెప్పేసి బయటపడ్డాను.

ఇంటికెళ్లేసరికి ఆంటీ చెప్పులేసుకుని వాకిట్లో ఉంది. "మీరెందుకు ఆంటీ, అలిసిపోతారు" అన్నాను. "ఈయన డెలివరీలకి పోతే ఇన్నేళ్లూ అన్నం మీద మూత పెట్టుకుని ఇంట్లో కూచున్నాను. ఇవాళ నేనూ వస్తా" అంటూ అంకుల్ తుంటి కింద పెట్టే దిండు పట్టుకుని వెనక సీట్లో ఎక్కేసింది. కారుకి గ్యాస్, అదే పెట్రోల్, కొట్టించుకుని నాలుగున్నరకి బయల్దేరాం. సూ సిటీ దాటి ఇంటర్‌స్టేట్ ఇరవై తొమ్మిది మీద ఉత్తరానికి తిరిగితే, నది మీద వంతెన రావడమే తడవు సౌత్ డకోటా బోర్డు కనిపిస్తుంది. "అయ్యిందా? ఇంతేనా?" అంది ఆంటీ, ఏదో మోసం జరిగినట్టు.

మొదటి ఎగ్జిట్‌లోనే ఒక కాఫీ షాపులో కూర్చుని లాప్‌టాప్ తెరిచాను. ఇవాళ్టి ఆటల జాబితాలో మా ఆట పక్కన అదే నోటీసు. మళ్లీ తెరిచాను, మళ్లీ అదే. కౌంటర్లో ఉన్న అమ్మాయిని అడిగితే, "ఇంటర్నెట్టా? అది నది అవతలి కంపెనీ ఇస్తుంది, సూ సిటీది" అంది. పొరపాటు నాదే. మనం ఏ కుర్చీలో కూర్చున్నామో ఆ వెబ్‌సైట్‌కి తెలియదు. మనకి ఇంటర్నెట్ ఇచ్చే కంపెనీ ఏ ఊళ్లో ఉందో అదే తెలుస్తుంది. మేం సౌత్ డకోటాలో కాఫీ తాగుతున్నాం, లీగ్ లెక్కలో మాత్రం ఇంకా అయోవాలోనే ఉన్నాం.

అంకుల్ కర్ర మీద బరువు మార్చుకున్నారు. "చాల్లే అమ్మాయ్. ఇంటికిపోదాం. రేడియోలో వింటాను. రేడియోకి ఈ గొడవ లేదుగా."

"ఇంకో అరగంట పోతే వెర్మిలియన్. యూనివర్సిటీ ఊరు. అక్కడ నెట్ వాళ్ల రాష్ట్రానిదే అయ్యుంటుంది."

"అక్కడా రాకపోతే?"

"ఇంకా ఉత్తరానికి, సూ ఫాల్స్‌కి పోదాం."

"దీనికి మొండితనం ఎవరి పోలికో" అని ఆంటీ దిండు తీసుకుని లేచింది.

మళ్లీ హైవే ఎక్కిన కాసేపటికే రోడ్డు పనులు. మైళ్ల తరబడి నారింజ రంగు డబ్బాలు పెట్టి రెండు వరసల్ని ఒకటి చేశారు. ముందు ఒక ట్రాక్టర్ ట్రైలర్, వెనక మేం. రెండు పక్కలా మోకాలెత్తు మొక్కజొన్న. ఎక్కడో ప్రమాదం జరిగిందని అసలు కదలకుండా ఆపేశారు. ఆ ఆగినచోట, ఇంత దూరం వచ్చాం కాబట్టి అడిగేశాను. "రేడియో ఎందుకు చాలదు అంకుల్?"

ఆయన కిటికీలోంచి చూస్తూ చెప్పారు. "కైల్ పుట్టేటప్పుడు తల వచ్చేసింది, భుజం లోపల ఇరుక్కుంది. అప్పుడు నిమిషాలే టైమ్. పిల్లాడు బతకాలంటే లాగాలి. లాగాను. ఏడ్చాడు, రంగొచ్చింది, అంతా బాగుంది. కుడిచెయ్యి మాత్రం కదల్లేదు. గుడ్డపీలికలా వేలాడింది. నరం సాగింది. చాలామందికి తిరిగొస్తుంది, కొందరికి రాదు. ప్రతి ఆదివారం వాళ్ల పొలానికెళ్లి ఆ చెయ్యి చూసేవాణ్ణి."

"అప్పుడు మా అమ్మాయికి రెండేళ్లు" అంది ఆంటీ వెనకనుంచి. "అది నిద్రపోతుంటే దాని చెయ్యి ఎత్తి, దించి, మళ్లీ ఎత్తి చూసేవారు. దానికేమైందండీ అంటే, ఏం కాలేదు, ఇలా ఉండాలి అనేవారు."

"తర్వాత వచ్చింది. వేళ్లు ముందు, మోచెయ్యి తర్వాత. భుజం చివరికి. గోడకేసి బంతి విసిరించండి, బలమొస్తుందని నేనే చెప్పాను. అందుకే పిచర్ అయ్యాడని ఊళ్లోవాళ్లు కథలు చెప్తారు. నువ్వు ఇదంతా రాస్తావేమో, ఆ మాట రాయకు. ఈ ఊళ్లో పిల్లలందరూ బంతి విసిరేవాళ్లే." కిటికీ నుంచి నా వైపు తిరిగారు. "చెయ్యి రేడియోలో కనపడదు కదమ్మాయ్."

ఇక ఆ సాయంత్రం ఇంటికి తిరిగి వెళ్లే ప్రశ్నే లేదు.

రోడ్డు తెరిచేసరికి ఏడు కావస్తోంది. ఎగ్జిట్ ఇరవై ఆరు దగ్గర దిగి పడమరకి ఏడు మైళ్లు పోతే వెర్మిలియన్. మేం దిగేసరికే రేడియోలో ఆట మొదలైంది. అదృష్టం ఏమిటంటే, బేస్‌బాల్‌లో ఎప్పుడూ అతిథి జట్టే ముందు బ్యాటింగ్ చేస్తుంది. అంటే చికాగోవాళ్లు ముగ్గురు అవుటయ్యేదాకా కైల్ మైదానంలోకి రాడు. "ఆడండర్రా, నిదానంగా ఆడండి" అని ఆంటీ రేడియోకి నచ్చజెప్తోంది. ఒకడు అవుట్. ఇద్దరు అవుట్. మూడోవాడు ఎంతకీ అవుటవ్వకుండా బంతి పక్కలకి కొడుతూనే ఉన్నాడు. వాడు నా జీవితాంతం ఆప్తుడు.

మెయిన్ స్ట్రీట్‌లో కనిపించిన మొదటి పిజ్జా షాపు ముందు కారు ఆపేశాను. లోపల పిండి చేతులతో ఒక పెద్దావిడ. పేరు డార్లీన్, షాపూ ఆవిడదే, వంటా ఆవిడదే. గోడమీది టీవీలో మినియాపొలిస్ ఆట వస్తోంది, అక్కడ అదే సొంత జట్టు. ముందు వైఫై పాస్‌వర్డ్ చెప్పండి, తర్వాత ఆర్డర్ చేస్తాం అన్నాను. ఆవిడ నన్ను, కర్ర పట్టుకున్న అంకుల్ని, దిండు పట్టుకున్న ఆంటీని మార్చి మార్చి చూసింది. "ఎక్కడనుంచి పారిపోయొచ్చారు మీరు?"

"అయోవా నుంచి. అక్కడ బ్లాకౌట్."

"ఓ, అదా!" అంటూ పాస్‌వర్డ్ చెప్పేసింది. "మా తమ్ముడిదీ అయోవానే. ప్రతి ఆదివారం నా దగ్గరికొస్తాడు. నన్ను చూడ్డానికనుకునేదాన్ని."

ఆట మీద నొక్కాను. తెర నల్లగా అయింది. ఆంటీ నా భుజం గట్టిగా పట్టుకుంది. చిన్న చక్రం తిరిగింది, తిరిగింది, ఉన్నట్టుండి పచ్చటి గడ్డి కనిపించింది. నోటీసు లేదు. మూడోవాడు అప్పుడే అవుటయి బ్యాట్ నేలకేసి కొడుతున్నాడు. తర్వాత, చికాగో డ్రెస్సులో పొడుగ్గా, బక్కగా ఒక కుర్రాడు మైదానం మధ్యలో, బంతి వేసే మట్టి దిబ్బ ఎక్కాడు.

అంకుల్‌ని కూర్చోమన్నా కూర్చోలేదు. టేబుల్ మీద రెండు చేతులూ ఆనించి తెర మీదికి వంగారు. కైల్ కాలెత్తాడు. కుడిచెయ్యి వెనక్కి వెళ్లి, పైకి లేచి, చెవి దాటి, తలమీదుగా తిరిగి వచ్చింది. బంతి ఎటుపోయిందో మేం చూశాం. ఆయన చూడలేదు. "పైకి… ఇంకా… అదీ" అన్నారు, ఎదురుగా పేషెంట్ ఉన్నట్టు. ప్రతి బంతికీ అంతే. బ్యాట్స్‌మన్ కొడుతున్నాడు, జనం అరుస్తున్నారు, పరుగులు వస్తున్నాయి, ఆయన కళ్లు ఆ భుజాన్ని వదల్లేదు.

డార్లీన్ పిజ్జా తెచ్చి పెట్టి, "మీ మనవడి స్నేహితుడా?" అని అడిగింది.

"నా పేషెంట్" అన్నారు.

నిజం చెప్పాలంటే కైల్‌కి ఆ రాత్రి కలిసిరాలేదు. నాలుగో ఇన్నింగ్స్‌లో ఐదు పరుగులిచ్చాక కోచ్ వచ్చి బంతి తీసేసుకున్నాడు. వాడు తల వంచుకుని నడుస్తుంటే డార్లీన్ కూడా నోరు చప్పరించింది. కాసేపటికి అంకుల్ ఫోన్ మోగింది. స్టేడియం నుంచి లిండా. మాటలు పక్కనున్న నాక్కూడా వినిపిస్తున్నాయి.

"రేడియోలో విన్నారా డాక్టర్? పాపం వాడు…"

"వినలేదు లిండా. చూశాను."

"అక్కడ రాదుగా!"

"అందుకే సౌత్ డకోటా వచ్చాను."

అవతల జనం గోల పెరిగింది. "ఐదు పరుగులిచ్చాడు" అందావిడ ఆ గోలలోనే.

"అది కోచ్ చూసుకుంటాడు. నేను భుజం చూశాను. చాలా బాగుంది." ఫోన్ పెట్టేశాక అప్పుడు కూర్చున్నారు. చల్లారిపోయిన పిజ్జా ముక్క తీసుకుని, "ఆకలేస్తోంది" అన్నారు.

నేను ఈ దేశంలో కొండలు, కేన్యన్లు చాలానే చూశాను. ఈ ప్రయాణంలో అలాంటిదేమీ లేదు. మొక్కజొన్న, రోడ్డు డబ్బాలు, గ్యాస్‌కీ పిజ్జాకీ కలిపి నలభై డాలర్లలోపు ఖర్చు. ఈ ఇలాకాల గీతలు గీసినవాళ్లు చూసేవాళ్లందర్నీ ఒకటే రకం అనుకున్నారు, జట్టు గెలవాలని కూర్చునేవాళ్లు. ఒక మనిషి భుజం ఎంత ఎత్తుకి లేస్తుందో చూడ్డానికి కూర్చునేవాళ్లుంటారని వాళ్లకి తట్టి ఉండదు. మర్నాడు కేబుల్ కంపెనీకి ఫోన్ చేసి అరగంట లైన్లో ఉన్నాను. వచ్చే సీజన్ దాకా ఆగమన్నారు. కైల్ మళ్లీ బంతి వేసేది ఆదివారమని విన్నాం. మేం ఆగడం లేదు.

మీరూ ఇలా వెళ్లాల్సివస్తే బయల్దేరకముందే ఒక పని చేయండి. కూర్చోబోయే షాపుకి ఫోన్ చేసి, వాళ్ల వైఫై మీద ఆ రోజు ఆటల పేజీ తెరిచి, మీ ఆట పక్కన నోటీసు ఉందేమో చూసి చెప్పమనండి. ఉందంటే ఇంకో షాపు. అదీ కాకపోతే ఇంకో ఊరు.