మబ్బులకోటలో చెల్లని మిణుగురులు

మొన్న దిల్‌సుఖ్‌నగర్‌లోని మా బట్టల దుకాణానికి ఒక కాలేజీ అమ్మాయి వచ్చింది. నాదర్‌గుల్ మీద చక్కర్లు కొట్టే శిక్షణ విమానంలా నేను ఎంతకీ కిందికి దిగకుండా పోచంపల్లి చీర గొప్పతనం వర్ణిస్తుంటే, ఆమె నా మాట ఒక్కటీ వినకుండా కొంగు వెనక్కి తిప్పి చూసి, రెండువైపులా ఒకే రంగున్నదని తృప్తిపడి, ఫోను చూపించి డబ్బు కట్టి వెళ్లిపోయింది. బేరం లేకుండా చీర అమ్ముడుపోయిన ఆనందంలో నేను గంతులెయ్యాల్సింది. కానీ ఆ కొంగు తిప్పడం చూసిన దగ్గర్నుంచి సాయంత్రం దాకా నా మనసు మనసులో లేదు.

మన వయసు వాళ్లకు తెలంగాణ ఉద్యమపు ఆ చివరి ఏళ్లు బాగా గుర్తుండే ఉంటాయి. బంద్ అంటే బందే, మెయిన్ రోడ్డు ఎంత నిశ్శబ్దంగా ఉండేదంటే దిల్‌సుఖ్‌నగర్‌లో కుక్క తోక ఊపితే ఎల్బీనగర్ చౌరస్తాలో గాలి తగిలేది. అప్పటికి నాకు ముప్ఫై దాటింది, పెళ్లి కాలేదు. షాపు షట్టర్ దించితే నాకు రెండే పనులు, పొద్దున దీక్షా శిబిరంలో కూర్చోవడం, మధ్యాహ్నం ఎల్బీనగర్‌లోని మా కిరాయి ఇంట్లో పిల్లల్ని కాయడం. బళ్లు మూతబడి మా బిల్డింగులో ఏడుగురు పిల్లలు మిగిలారు, వాళ్ల చప్పుడు మాత్రం ఏడువేల మందిది. ఆ చప్పుడు భరించలేక వాళ్లకొక రాజ్యం కట్టిపెట్టాను.

దాని పేరు మబ్బులకోట. మూడో అంతస్తు మెట్ల దగ్గర మొదలై టెర్రస్ మీది నీళ్ల ట్యాంకు దగ్గర ముగిసే ఆ సామ్రాజ్యానికి మా అక్క కూతురు, తొమ్మిదేళ్లది, మహారాణి. నేను ఖజానా మంత్రిని. ఆ రాజ్యపు డబ్బు పేరు మిణుగురు. దుకాణంలో మిగిలిన పోచంపల్లి నమూనా గుడ్డల్ని రెండు వేళ్ల వెడల్పున కత్తిరించి నేనే తయారుచేశాను. ప్రపంచంలో ఏ దేశానికీ ఇంత భద్రమైన డబ్బు లేదని పిల్లల ముందు కోతలు కోసేవాణ్ని. అందులో కొంత నిజం లేకపోలేదు. పోచంపల్లిలో మగ్గం నేసే మా వాళ్లు నూలుకే ముందు రంగులద్ది తర్వాత నేస్తారు కాబట్టి గుడ్డకు ముందూ వెనకా ఒకేలా ఉంటుంది. అచ్చు వేసిన గుడ్డకైతే వెనక వెలిసిపోయినట్టుంటుంది. ఎక్కం అప్పజెబితే ఒక మిణుగురు, మా అమ్మకు సూదిలో దారం ఎక్కించి ఇస్తే రెండు, ఇలా సంపాదించి యాభై కూడబెట్టినవాళ్లకు టెర్రస్ మీద సుద్దతో గీసిన ఒక గడి సొంత ఇల్లవుతుంది.

మా పైవాటాలో గుంటూరు వైపు నుంచి వచ్చిన కుటుంబం ఉండేది. ఆయన మందుల కంపెనీలో ఉద్యోగి, ఆవిడ జాకెట్లు కుట్టేది, వాళ్ల పదేళ్ల అమ్మాయి మా మేనకోడలికి ప్రాణస్నేహితురాలు. రాజ్యం పుట్టి వారమైనా కాలేదు, ఆ పిల్ల ఒక మధ్యాహ్నం సరిగ్గా యాభై మిణుగురులు తెచ్చి నా ఖజానా రేకు డబ్బా ముందు పెట్టి, ట్యాంకు నీడన ఉన్న గడి కావాలన్నది.

అన్ని ఎక్కాలు ఈ భూమ్మీద లేవు. నా చెయ్యి, ఇరవై నాలుగు గంటలూ బట్టలు తిప్పే చెయ్యి, ఆలోచించకుండానే ఒక ముక్కను బోర్లా తిప్పింది. వెనక తెల్లగా ఉంది. అది వాళ్లమ్మ కత్తెర కింద రాలిన ప్రింటు గుడ్డ. అక్కడితో ఆగితే నేను మనిషినే, కానీ ఏడుగురు ప్రేక్షకులు దొరికారు కదా, నాటకాల రాజులా గొంతు పెంచి, దొంగ మిణుగురులు చేసినవారికి మబ్బులకోటలో చోటు లేదని, సూర్యాస్తమయం లోపు పొలిమేర దాటాలని తీర్పు చెప్పాను. పిల్లలు పడీపడీ నవ్వారు. మహారాణి అందరికంటే ఎక్కువ నవ్వింది.

ఆ పిల్ల ఏడవలేదు. ఇల్లు కొనడానికి అంత తొందరేమిటని అడిగితే నెమ్మదిగా చెప్పింది.

"మా నాన్నగారు అమ్మతో అంటున్నారండీ, రేపో మాపో మనం సర్దుకుని వెళ్లాల్సొస్తుందేమోనని. సొంతిల్లుంటే ఎవరూ పొమ్మనరు కదా మావయ్యగారూ, అందుకని."

నిజానికి వాళ్లను మా గల్లీలో ఎవరూ ఒక్క మాట అనలేదు. కానీ టీవీ పొద్దస్తమానం మోగే ఇంట్లో భయానికి ఎవరూ ఏదీ అనక్కర్లేదు. మెట్ల మీద కూర్చుని చిక్కుడుకాయలు తుంపుతున్న మా అమ్మ, మగ్గం మీద బతుకంతా నేసిన మనిషి, తల ఎత్తకుండానే అన్నది.

"ఏందిరా, గా పోరిని గట్ల నిలబెట్టినవ్? ఎనక రంగు లేకుంటె గుడ్డ గుడ్డ గాదా? రాసియ్యి దానికి ఇల్లు."

ఒక్క ఇల్లేమిటి, ట్యాంకు చుట్టూ ఉన్న నాలుగు గడులూ రాసిస్తానన్నాను, ప్రింటు మిణుగురు కూడా చెల్లుతుందని అప్పటికప్పుడు చట్టం మార్చాను. ఆ పిల్ల ముక్కలన్నీ ఏరుకుని గౌను జేబులో పెట్టుకుని, "వద్దులెండి మావయ్యగారూ" అని పైకి వెళ్లిపోయింది. మర్నాడు మా మేనకోడలు మెట్ల కింద నిలబడి ఎంత పిలిచినా ఆ పిల్ల చదువుకోవాలంది. ఆ మర్నాడూ అంతే. మూడో రోజు మా మేనకోడలు కిరీటం తీసి నా చేతిలో పెట్టి, "నువ్వే ఏలుకో మామా" అన్నది.

ఆ నెలలోనే నేను రోడ్డు మీద వంటావార్పులో కూర్చుని, మా గడ్డ మీద మమ్మల్నే పరాయివాళ్లను చేశారని గొంతు పోయేదాకా అరిచాను. ఆ మాట నిజమేనని ఈనాటికీ నమ్ముతాను. కానీ అరుస్తున్నంతసేపూ ఆ గౌను జేబే కళ్ల ముందు మెదిలింది.

తర్వాత రాష్ట్రం వచ్చింది. పైవాటా వాళ్లు ఎక్కడికీ పోలేదు, నాగోల్‌లో ఫ్లాటు కొనుక్కున్నారు, గృహప్రవేశానికి నేను చీర పట్టుకుని వెళ్తే ఆ అమ్మాయి ఎదురొచ్చి కూర్చోమని మర్యాద చేసింది. మబ్బులకోట మాటెత్తుదామని నోటిదాకా వచ్చింది, ఎన్ని అబద్ధాలైనా అలవోకగా ఆడే నోరు ఆ ఒక్క నిజం దగ్గర మొరాయించింది. ఇప్పుడు టెర్రస్‌లకు తాళాలు, పిల్లలకు లిఫ్టులు, వాళ్లు కట్టే కోటలన్నీ ఫోన్లలోనే, ఆ కోటల్లోని బంగారు నాణేలకు వెనకవైపే లేదు, తిప్పి చూసి ఎవరినీ చిన్నబుచ్చే పని లేదు. మంచిదేనేమో. అప్పట్లో మా రాజ్యం మాత్రం ఆ పిల్ల రావడం మానేశాక ఇంకో పది రోజులు నడిచింది. ట్యాంకు నీడన ఉన్న ఆ గడిలో పిల్లలెవరూ కాలు పెట్టలేదు, పెట్టొద్దని నేను చెప్పనూ లేదు. ఒకనాడు వాన పడి మిగతా ఇళ్లతో పాటు అదీ చెరిగిపోయింది.