వేషాలు పంచిన టీచరమ్మ

ఆ రోజుల్లో నాకు తెలియని సంగతంటూ లోకంలో ఉండేది కాదు. ఇరవై నాలుగేళ్ల వయసు అలాంటిది. సినిమాల్లో సహాయ దర్శకురాలినవుదామని రాజమండ్రి నుంచి వచ్చి, ఎనిమిది నెలలు ఫిలింనగర్ ఆఫీసుల మెట్లు అరగదీసి, చివరికి ఆ దగ్గర్లోనే ఓ బడిలో అయిదో తరగతి టీచర్‌గా తేలాను. (ఇంట్లో మాత్రం "కథ మీద కూర్చున్నా" అని చెప్పేదాన్ని.) నీతి పాఠాల పీరియడు కొత్తవాళ్ల నెత్తినే రుద్దుతారు గనుక అదీ నాకే వచ్చింది. వార్షికోత్సవానికి మతసామరస్యం మీద నాటిక వేయించమన్నారు పెద్ద మేడమ్. నాలోని దర్శకురాలు ఒళ్లు విరుచుకుని లేచింది.

మొహం చూసి వేషం చెప్పేయడం గొప్ప విద్య అనుకునేదాన్ని. హిందువు, సిక్కు, క్రైస్తవుడు, డాక్టరు, ట్రాఫిక్ పోలీసు అంటూ చకచకా పంచేశాను. రహమత్ నగర్ నుంచి వచ్చే ఓ ముస్లిం అమ్మాయి ఉండేది. ఎప్పుడూ ఏదో ఒకటి అడుగుతుందని అందరం 'ప్రశ్నల పాప' అనేవాళ్లం. ఆ పాపకి ముస్లిం వేషం ఇచ్చాను. అందులో ఆలోచించాల్సిందేమీ కనబడలేదు నాకు.

"టీచర్, ఇంట్ల నేను రోజూ ముస్లిమే గద. గీడ గూడ గదేనా? నాకు ట్రాఫిక్ పోలీస్ ఇయ్యిన్రి," అంది.

పిల్లలంతా నవ్వారు. నేనూ నవ్వాను. అక్కడితో ఆగినా బాగుండేది. "నీకైతే డ్రెస్సు కూడా ఇంట్లోనే ఉంటుంది కదమ్మా! అయినా సర్దుకుపోవడమేగా మన నాటికలో నీతి," అన్నాను. (ఇది రాస్తుంటే ఇప్పటికీ చెవులు వేడెక్కుతున్నాయి.) రిహార్సల్స్ జరిగిన మూడు వారాల్లో పాప ఒక్క ప్రశ్న కూడా అడగలేదు. అదంతా నా క్రమశిక్షణ మహిమ అనుకున్నాను.

నాటిక బ్రహ్మాండంగా వచ్చింది. ముఖ్య అతిథిగారు స్టేజీ ఎక్కి, పాప తల నిమిరి, "అచ్చం నిజం ముస్లిం పిల్లలాగే చేసిందండీ!" అని మైకులో మెచ్చుకున్నారు. చప్పట్లు మోగాయి. నవ్వబోయాను. పాప నా వైపే చూస్తోంది. నవ్వడం మానేసి తెర వెనక్కి నడిచాను.

తెర వెనక పాప ముందు మోకాళ్ల మీద కూర్చున్నాను. "నువ్వడిగిన వేషం ఇవ్వకపోగా నలుగురిలో నవ్వాను. తప్పు నాదేనమ్మా," అన్నాను.

పాప తలకి కట్టిన దుపట్టా విప్పుకుంటూ నా మొహంలోకి చూసి, జాలి పడింది కాబోలు, "పర్లేదు టీచర్. మీరు కొత్తగ వచ్చిండ్రు గద. జర టైం పడ్తది," అంది.

పదేళ్ల పిల్ల భుజం తడుతుంటే ముక్కు చీదుకున్న ఆ టీచరమ్మను తలుచుకుంటే సిగ్గుతో పాటు, ఎందుకో, కాస్త నవ్వూ వస్తుంది.