పట్టినవాణ్ణి వెనక్కి గుంజిన సీజను

మొన్న ఆదివారం దుబాయ్ కరామాలో టిఫినుకు కూర్చున్నామో లేదో, గోడమీది టీవీలో అమెరికా కాలేజీ కుర్రాళ్ళు తలలకు హెల్మెట్లు, భుజాలకు డిప్పలు తగిలించుకుని ఒకరిమీద ఒకరు పడి దొర్లుతున్నారు. పక్క బల్ల పెద్దమనిషి, "చేత్తో పట్టుకుని పరిగెత్తేదానికి ఫుట్‌బాల్ అని పేరేమిటండీ, వీళ్ళ మొహం!" అన్నాడు. నేను ఊరుకోవాలి. ఊరుకోలేదు. దోసె చల్లారేదాకా ఆయనకు ఆ ఆట ధర్మాలన్నీ వల్లించి, మధ్యలో అడ్డు ప్రశ్న వేస్తే కసిరి, మావారు "ఇహ చాలు, పాపం ఆయన్ను తిననీ" అనేదాకా వదల్లేదు. ఏం చేయను, ఒక శీతకాలమంతా ఆ ఆట నా నెత్తిమీదే ఆడారు.

నాలుగేళ్ళ కిందటి సంగతికి జ్ఞాపకాలని పేరెందుకని కుర్రవాళ్ళు అడుగుతారేమో గాని, మన ఈడువాళ్ళు, అందులోనూ ఈ దేశంలో వీసాలు మార్చుకుంటూ తల నెరిసినవాళ్ళు అడగరు. ఇక్కడ నాలుగేళ్ళంటే ఒక వీధి మొత్తం మనుషులు మారిపోయేంత కాలం.

అప్పుడు ఫుజైరాలో ఉండేవాళ్ళం. మావారిది ఓడలకు ఇంధనం నింపే కంపెనీలో ఉద్యోగం. నేను ఒక చిన్న ప్రైవేటు కాలేజీలో విద్యార్థుల వ్యవహారాలు చూసే ఆఫీసులో పనిచేసేదాన్ని. కరోనా ఆంక్షలు సడలి పిల్లలు మళ్ళీ తరగతులకు వస్తున్న రోజులు. మా ముదీర్, అంటే కాలేజీకి పెద్ద, ఏ కాలేజీ బ్రోషరు చూశాడో గాని, మనకూ అమెరికన్ ఫుట్‌బాల్ టీము ఉండి తీరాలన్నాడు. కెమిస్ట్రీ చెప్పే అమెరికా లెక్చరరును కోచ్‌ని చేశారు, మిగతా సమస్తమూ నన్ను చేశారు: బస్సు నేనే, ఐసు నేనే, మునిసిపాలిటీ అనుమతి నేనే, చెమట కంపు కొట్టే చొక్కాల ఉతుకుడూ నేనే, ప్రతి మ్యాచ్‌కూ ముందు అందరి ముక్కుల్లో పుల్లలు పెట్టించి పరీక్షలు చేయించడమూ నేనే. చివరికి గ్రౌండులో గీతలు కూడా క్వారీ నుంచి తెప్పించిన తెల్లరాతి పొడితో నేనే గీశాను. ముగ్గు వేసిన చేయి గనుక ఒక్క గీతా వంకర పోలేదు. ఆ సంగతి ఒక్కడూ గుర్తించలేదనుకోండి.

టీములో చేరినవాళ్ళలో సగం మంది మన కరీంనగర్, జగిత్యాల వైపు పిల్లలు. వాళ్ళ తండ్రులు అబూ ధాబీ శివారు మఫ్రఖ్ దగ్గర కట్టడాల సైట్లలో ఏళ్ళ తరబడి ఎండి, కాస్త నిలదొక్కుకున్నాక కొడుకుల్ని చదువుకు రప్పించుకున్నవాళ్ళు. వీళ్ళకు నాయకుడు మా ఆడపడుచు కొడుకు. మా ఇంట్లోనే ఉండి చదివేవాడు. క్రికెట్ టీమువాళ్ళు వాణ్ణి బౌండరీ దగ్గర కూడా నిలబడనిచ్చేవారు కాదు. ఇక్కడ మాత్రం మొదటి వారంలోనే కెప్టెన్ అయ్యాడు, ఎందుకంటే ఎదుటివాణ్ణి పట్టడంలో వాణ్ణి మించినవాడు లేడు. ఊళ్ళో కబడ్డీ ఆడిన పట్టు అది. మా కొంప ముంచిందీ అదే.

కబడ్డీలో కూతకు వచ్చినవాణ్ణి పట్టుకుంటే, గీత అందుకోకుండా వెనక్కి గుంజాలి కదా. ఈ ఆటలో బంతి పట్టుకుని వచ్చేవాణ్ణి ఎక్కడ నిలబెడితే అక్కడికే లెక్క, ఆపైన ఎంత దూరం ఈడ్చినా దండగే. పైగా ఈల వేశాక ఈడిస్తే తప్పు కింద లెక్కగట్టి, ఎదుటివాళ్ళకే మరింత ముందుకు జాగా ఇచ్చేస్తారు. మావాళ్ళు ఒకణ్ణి పట్టుకుంటే నలుగురు కలిసి మోటబావి నుంచి నీళ్ళు తోడినట్టు వెనక్కి లాగి, విజయగర్వంతో నా వంక చూసేవారు.

"గింత దూరం గుంజినం గదా అత్తమ్మా, బాలు మళ్ళ ముందల్నే వెడ్తడేంది? ఇదేం నాయం?"

"నీ మేనమామ పెట్టిన రూలు గాదురా అది! పట్టుకో, ఆపు, వదులు. అంతే."

"పట్టుకున్నంక ఇడుసుడేంది, అత్తమ్మా?"

పాపం కోచ్ ఈ దేశంలో నేర్చుకున్న ఒకే ఒక్క హిందీ మాట 'ఛోడో', వదలండని. గ్రౌండు పొడుగునా "ఛోడో, ఛోడో" అని అరుస్తూ పరిగెడుతుంటే దారిన పోయేవాళ్ళు ఏదో కొట్లాట విడదీస్తున్నాడనుకునేవారు.

అల్ ఐన్‌లో ఓడాం, షార్జాలో ఓడాం, రస్ అల్ ఖైమాలో వాన కురిసి ఆట ఆగిపోతే దాన్ని గెలుపు కింద వేసుకుందామన్నాడు మావాడు. ముదీర్ నన్ను పిలిచి, "ఒక్క గెలుపు మేడమ్, ఒక్కటి. లేకపోతే టీము ఖలాస్" అన్నాడు. ఓడినవాళ్ళు బ్రోషరులో ఫోటోకు పనికిరారా, వాళ్ళకు మొహాలు లేవా అని చాలాసేపు వాదించాను. ఆయన టీ తెప్పించాడు గాని మాట మార్చలేదు. ఇక మిగిలింది మా గ్రౌండులో దుబాయ్ కాలేజీతో ఒక్క మ్యాచి. దానికి ముందు రెండు వారాలూ మావాడికి అన్నం సహించలేదు.

ఏమాట కామాటే, ఆ సాయంత్రం అద్భుతంగా ఆడారు. పట్టారు, ఆపారు, వదిలారు. చివరి నిమిషానికి మేమే ముందున్నాం. టైము అయిపోతుండగా వాళ్ళవాడొకడు బంతి పట్టుకుని మా గీత మీదికి దూసుకొచ్చాడు. గీతకు కొంచెం ఇవతలే మావాడు వాణ్ణి నడుము దగ్గర పట్టి నిలబెట్టేశాడు. ఈల పడింది. టైమూ అయిపోయింది. నేను ముదీర్ వైపు తిరిగి, ఇప్పుడేమంటావన్నట్టు చూసి, మళ్ళీ గ్రౌండు వైపు చూద్దును కదా, మావాడూ, వాడికి తోడు మిగతా ముగ్గురూ ఆ దుబాయ్ పిల్లాణ్ణి వెనక్కి గుంజుకుపోతున్నారు! కోచ్ 'ఛోడో' అని గొంతు చించుకుంటున్నాడు. రిఫరీ తప్పు జరిగిందని పసుపు గుడ్డ విసిరాడు. కాపుకాసే జట్టు చేసిన తప్పు మీద ఆట ముగియదట, గడియారంతో పని లేకుండా వాళ్ళకు ఇంకో అవకాశం ఇవ్వాలట. అదీ గీతకు ఇంకా దగ్గరగా. ఇచ్చారు. వాళ్ళు గీత దాటారు. అంతే.

ఇంటికి తీసుకుపోతూ దారి పొడుగునా తిట్టాను. వాడు కారు కిటికీలోంచి కొండల వైపు చూస్తూ ఒక్క మాటే అన్నాడు: "చేతికి దొరికినంక ఇడువ బుద్ధిగాలే, అత్తమ్మా."

టీము రద్దయింది. కోచ్ ఆ వేసవిలోనే వాళ్ళ దేశం వెళ్ళిపోయాడు. ఆ గ్రౌండులో ఇప్పుడు గాజు గోడలు కట్టి పాడెల్ అనే కొత్త రాకెట్ ఆట ఆడిస్తున్నారు. ఫోనులో బుక్ చేసుకుని వచ్చి, ఒంటికి మట్టి అంటకుండా ఆడి, ఎవరి కారులో వాళ్ళు పోతున్నారు. మావాడు అబూ ధాబీలో ఉద్యోగస్థుడు, మెడలో ఐడీ కార్డు, మాటలో ఎంతో మర్యాద. పోయిన నెల వాడికి రావలసిన ప్రమోషను వాడి మేనేజరు మరొకరికి ఇచ్చాడని తెలిసి, నేను ఫోనులోనే కయ్యానికి దిగి, పోయి అడుగు, వదలకు అన్నాను. "పోనియ్ అత్తమ్మా, ఏమైతది" అన్నాడు, నవ్వుతూ. ఒక సీజనంతా అంతమందిమి అరిచినా వాడికి రాని విద్యను ఈ నాలుగేళ్ళు ఏ అరుపూ లేకుండా నేర్పేశాయి. తిడదామని నోరు తెరిచినదాన్ని, ఎప్పుడూ లేనిది, అన్నం తిన్నావా అని అడిగి ఫోను పెట్టేశాను.